ఎవరు ఎంతకాలం ఉంటారు? పదిహేనేళ్ల తర్వాత మన నగరాల సంగతి

మీ ప్రశ్నని కుదించి చెప్తే ఇదీ: "మాది విశాఖ. హైదరాబాద్‌లో ఐటీ ఉద్యోగం, వారానికి మూడు రోజులే ఆఫీసు. ఇక్కడ మా చుట్టూ ఉన్న టవర్లలో చాలా ఫ్లాట్లు పెట్టుబడి కోసం కొన్నవి, లైట్లు కూడా వెలగవు. అక్కడ విశాఖలో మా వీధిలో ఫ్లాట్లు రోజువారీ అద్దెకి పోతున్నాయి. ఉద్యోగాలు, ఇళ్లు, టూరిజం అన్నీ ఇలా మారుతుంటే పదిహేనేళ్ల తర్వాత మన నగరాల్లో బతుకు ఎలా ఉంటుంది? నేను ఇల్లు కొనాలా, కొంటే ఎక్కడ?"

నేను పట్టణ ప్రణాళిక రంగంలో చాలా ఏళ్లు పనిచేశాను. ఇప్పుడు అపార్ట్‌మెంట్ అసోసియేషన్లకూ, అద్దె ఒప్పందాలు రాసుకునేవాళ్లకూ సలహాలిస్తుంటాను. మీరు మూడు సంగతులు విడివిడిగా అడిగారు. నేను చూసినంతలో ఆ మూడూ ఒకే ప్రశ్న దగ్గరికి వస్తాయి: ఒక మనిషి ఒక ఇంట్లో ఎంతకాలం ఉంటాడు?

కిరాణా కొట్టులో ఖాతా, ఊరెళ్తే పక్కింట్లో ఇచ్చే తాళంచెవి, బడిలో పిల్లల స్నేహాలు, నీళ్లు రాకపోతే వార్డు ఆఫీసుకి వెళ్లి గట్టిగా అడిగే నలుగురు మనుషులు. ఇవేవీ డబ్బు పెట్టి కొంటే వచ్చేవి కావు, ఏళ్ల తరబడి ఒకేచోట ఉంటే వచ్చేవి. ఇప్పటి ఉద్యోగ పద్ధతి ఆ కాలాన్ని ముక్కలు చేస్తోంది. ఇల్లు పెట్టుబడి అయ్యేసరికి యజమాని ఒక దేశంలో, ఉండేవాళ్లు ఇంకోచోట అవుతున్నారు. టూరిజం అయితే ఎంత తక్కువ రోజులుంటే రోజుకి అంత ఎక్కువ అద్దె ఇస్తోంది. రాబోయే రోజుల గురించి నేను చెప్పబోయేదంతా దీని చుట్టూనే తిరుగుతుంది.

ముందు ఉద్యోగం సంగతి. 2020 మార్చిలో లాక్‌డౌన్ పెట్టగానే హైదరాబాద్‌లో చాలా హాస్టళ్లు పిల్లల్ని ఖాళీ చేసి వెళ్లిపొమ్మన్నాయి. పోలీసులిచ్చిన పాసులు పట్టుకుని పెద్దసంఖ్యలో ఆంధ్రా వైపు బయల్దేరారు. జగ్గయ్యపేట దగ్గర గరికపాడు చెక్‌పోస్టులో ఆగిపోయారు. వెనక్కి పోదామంటే హాస్టల్‌కి తాళం, ముందుకి పోనివ్వరు. అమీర్‌పేటలో కోచింగ్ కోసం వచ్చినవాళ్లకీ, మాదాపూర్‌లో ఉద్యోగం చేసేవాళ్లకీ ఈ నగరంలో తలదాచుకునే హక్కు కాగితం మీద ఎక్కడా లేదన్న సంగతి ఆ రెండు రోజుల్లో అందరికీ తెలిసింది. మంచానికి నెల డబ్బు కట్టడమే తప్ప ఒప్పందం ఉండదు, నోటీసు గడువు ఉండదు. ఆ తర్వాత ఇన్నేళ్లు గడిచాయి. ఆ పరిస్థితిని సరిదిద్దే చట్టం ఇంతవరకు రాలేదు.

అదే ఏడాది ఏప్రిల్‌లో టీసీఎస్, 2025 నాటికి తమ ఉద్యోగుల్లో 25 శాతం మంది ఆఫీసులో ఉంటే చాలని ప్రకటించింది. ఇక నగరాలు ఖాళీ అయిపోతాయని అప్పట్లో చాలామంది రాశారు. 2023 అక్టోబరు వచ్చేసరికి అదే కంపెనీ వారానికి ఐదు రోజులూ ఆఫీసుకి రమ్మంది. ఇన్ఫోసిస్ నెలకి పది రోజులన్న నిబంధన పెట్టింది. అంటే ఆఫీసులు పోలేదు, పోవు కూడా. పోయింది ఉద్యోగికి ఒకే ఊరు ఉండాలన్న పద్ధతి. నా దగ్గరికి సలహా కోసం వచ్చేవాళ్లలో ఇలాంటి కుటుంబాలు ఎక్కువయ్యాయి: భార్యాపిల్లలు గుంటూరులోనో ఖమ్మంలోనో సొంతింట్లో ఉంటారు, భర్త సోమవారం రాత్రి బస్సెక్కి వచ్చి గచ్చిబౌలి హాస్టల్‌లో మూడు రోజులుండి గురువారం రాత్రి తిరిగి వెళ్తాడు. కొన్ని ఇళ్లలో భార్య వచ్చి వెళ్తుంది, భర్త పిల్లల్ని చూసుకుంటాడు. డబ్బు లెక్కల్లో ఇది తెలివైన ఏర్పాటే. అద్దె మిగులుతుంది, పెద్దవాళ్ల దగ్గర పిల్లలు పెరుగుతారు. కానీ ఆ మనిషి హైదరాబాద్‌లో ఓటరు కాడు, గుంటూరులో వారంలో సగం రోజులు లేడు.

చట్టం ఇలాంటివాళ్లని ఎలా చూస్తుందో ఒక చిన్న నిబంధనలో కనిపిస్తుంది. 2024 జూన్‌లో జీఎస్టీ కౌన్సిల్ హాస్టల్ వసతికి మినహాయింపు ఇచ్చింది. మనిషికి నెలకి 20 వేల రూపాయల లోపు అద్దె ఉండాలి, కనీసం 90 రోజులు వరసగా ఉండాలి. ఆ 90 రోజులే గీత. గీతకి అటు ఉన్నవాడు నివాసి, ఇటు ఉన్నవాడు అతిథి. ఇలాంటి గీతలు రాబోయే కాలంలో ఇంకా చాలా వస్తాయి. నెలవారీ మంచం తీసుకుని పన్నెండు రోజులే పడుకునేవాళ్లకి, యాప్‌లో వారానికో చోట గది తీసుకునేవాళ్లకి ఏ గీత వర్తిస్తుందన్న తగువులు అసోసియేషన్ మీటింగుల దాకా ఇప్పటికే వచ్చాయి.

మూడు రోజుల ఆఫీసు వల్ల ఎక్కువ నష్టపోయేది ఆ ఉద్యోగి కాదు, అతని మీద ఆధారపడి బతికేవాళ్లు. టిఫిన్ బండి, కర్రీ పాయింట్, ఇస్త్రీ బండి, ఇంట్లో వంటచేసే అమ్మ, క్యాబ్ డ్రైవరు. మంగళ, బుధ, గురువారాల్లో చేతికి ఖాళీ ఉండదు, సోమ, శుక్రవారాల్లో బేరం ఉండదు. బండి పెట్టుకున్న చోటుకి కట్టే డబ్బు మాత్రం ఏడు రోజులకీ కట్టాలి. ఇదివరకు నెల జీతం మీద నాలుగు ఫ్లాట్లలో పనిచేసిన మనిషిని ఇప్పుడు "వచ్చిన రోజులకే ఇస్తాం" అంటున్నారు. యాప్‌ల ద్వారా డెలివరీ చేసేవాళ్లు, సర్వీసులు చేసేవాళ్లు 2020-21లో దేశంలో 77 లక్షల మంది ఉన్నారనీ, 2029-30 నాటికి 2.35 కోట్లవుతారనీ నీతి ఆయోగ్ 2022లో అంచనా వేసింది. 2025 నవంబరు 21న అమల్లోకి వచ్చిన కార్మిక కోడ్‌లలో వీళ్లకి మొదటిసారి చట్టంలో చోటు దొరికింది. వీళ్ల సామాజిక భద్రత కోసం కంపెనీలు తమ టర్నోవర్‌లో ఒకటి నుంచి రెండు శాతం దాకా కట్టాలి. మంచిదే. అయితే బీమా వచ్చినంత మాత్రాన గచ్చిబౌలి దగ్గర గది దొరకదు.

ఆ గదులు ఎలా ఉంటాయో చూడాలంటే సిద్దిఖ్‌నగర్, అంజయ్యనగర్ వైపు నడవండి. యాభై, అరవై గజాల స్థలాల్లో నాలుగైదు అంతస్తులు లేచి ఉంటాయి. 2024 నవంబరులో సిద్దిఖ్‌నగర్‌లో అలాంటి భవనం ఒకటి పక్క స్థలంలో పునాది తవ్వగానే ఒరిగిపోయింది, అధికారులు దాన్ని కూల్చేశారు. ప్రాణాలు పోకపోవడం అదృష్టం. అక్కడ ఎందుకంత కిక్కిరిసి ఉంటున్నారు అంటే, పని అక్కడుంది కాబట్టి. మరోవైపు కొల్లూరులో ప్రభుత్వం 15,660 డబుల్ బెడ్‌రూం ఇళ్లు కట్టి 2023 జూన్‌లో ప్రారంభించింది. ఇళ్లు బాగున్నాయి. కానీ పాతబస్తీలోనో సికింద్రాబాద్‌లోనో పనిచేసుకునే మనిషికి ఔటర్ రింగ్ రోడ్డు అవతల ఇల్లిస్తే బస్సు చార్జీలూ, దారిలో పోయే గంటలూ కలిసి ఆ ఇంటి విలువని మింగేస్తాయి. పేదవాడికి ఇంటి ధర కన్నా పనికీ ఇంటికీ మధ్య దూరం పెద్ద లెక్క. మన గృహనిర్మాణ పథకాలన్నీ మొదటిదాన్నే లెక్క కట్టాయి.

ఇక ఇళ్ల యాజమాన్యం. హైదరాబాద్ ఎందుకిలా నిలువుగా పెరిగిందో చాలామందికి తెలియదు. 2006లో వచ్చిన జీవో 86తో ఇక్కడ ఎఫ్ఎస్ఐ (స్థలాన్ని బట్టి ఎంత విస్తీర్ణం కట్టొచ్చన్న లెక్క) పరిమితి తీసేశారు. స్థలం ఎంతుంటే అంత విస్తీర్ణమే కట్టాలన్న లెక్క పోయింది. రోడ్డు వెడల్పు ఉండి, చుట్టూ వదలాల్సిన ఖాళీ వదిలితే ఎన్ని అంతస్తులైనా వేసుకోవచ్చు. దేశంలో మిగతా పెద్ద నగరాల్లో ఈ వెసులుబాటు లేదు. చాలాకాలం దీనివల్ల మేలే జరిగింది, ముంబై, బెంగళూరుతో పోలిస్తే మన దగ్గర ఇళ్ల ధరలు అందుబాటులో ఉండేవి. తర్వాత భూమి ధర ఆ మేలుని తినేసింది. 2023 ఆగస్టులో కోకాపేట నియోపోలిస్ వేలంలో ఎకరం 100.75 కోట్లు పలికింది. ఎకరాకి 4,840 గజాలు, అంటే గజం రెండు లక్షలు దాటింది. ఆ ధరకి కొన్న బిల్డర్ వెయ్యి అడుగుల టూ బీహెచ్‌కే కట్టడు. మూడు వేల అడుగుల ఫ్లాట్లు, క్లబ్‌హౌస్, స్విమ్మింగ్ పూల్ కడితేనే అతని లెక్క కుదురుతుంది. కొనేవాళ్లు ఎవరు? ఇప్పటికే ఒక ఇల్లున్నవాళ్లు, డాలర్లలో సంపాదించేవాళ్లు, ఊళ్లో పొలం అమ్మిన డబ్బు ఎక్కడ పెట్టాలో తెలియనివాళ్లు.

ఒక లెక్క చూడండి. కోటిన్నర ఫ్లాట్‌కి నెలకి 40 వేల అద్దె వస్తుందనుకుందాం. ఏడాదికి 4.8 లక్షలు, అంటే పెట్టిన డబ్బు మీద 3.2 శాతం. ఇంటి లోన్ వడ్డీ దానికి రెట్టింపు కన్నా ఎక్కువ. కాబట్టి అద్దె కోసం ఎవరూ కొనరు, ధర పెరుగుతుందని కొంటారు. ధర మీదే చూపున్నవాడికి ఫ్లాట్‌లో మనుషులుండటం పెద్ద అవసరం కాదు. "అద్దెకిస్తే గోడలు పాడుచేస్తారు, ఖాళీ చేయమంటే టెన్షన్" అంటాడు. ఆదాయపు పన్ను చట్టం కూడా అతనికి తోడుంది. 2019 బడ్జెట్ నుంచి రెండో ఇల్లు ఖాళీగా ఉన్నా దాని మీద ఊహించిన అద్దెకి పన్ను కట్టక్కర్లేదు, 2025 బడ్జెట్ ఉన్న షరతుల్ని కూడా తీసేసింది. జీహెచ్ఎంసీలో అయితే ఖాళీగా ఉన్న భవనానికి ఆస్తి పన్నులో సగం తగ్గించమని అర్జీ పెట్టుకునే వీలే ఉంది. కెనడాలో వాంకూవర్ నగరం 2017 నుంచి దీనికి పూర్తిగా ఉల్టా చేస్తోంది. ఏడాదిలో ఎక్కువ భాగం ఖాళీగా ఉంచిన ఇంటి మీద ప్రత్యేక పన్ను వేస్తోంది. ఒక శాతంతో మొదలై ఇప్పుడు ఇంటి విలువలో మూడు శాతానికి చేరింది. నేను దాన్ని గట్టిగా సమర్థిస్తాను. రోడ్డు, నీళ్లు, డ్రైనేజీ, మెట్రో అన్నీ ప్రజల డబ్బుతో తెచ్చి ఒక ఇంటికి విలువ తెస్తాం. ఆ ఇల్లు ఎవరికీ గూడు కాకుండా నిలబడితే ఆ ఖర్చులో వాటా అడగడం అన్యాయం కాదు.

2011 జనగణనలో దేశంలోని పట్టణాల్లో 1.1 కోట్ల ఇళ్లు ఖాళీగా ఉన్నట్టు తేలింది. ఆ మరుసటి ఏడాది కేంద్రం వేసిన నిపుణుల బృందం పట్టణాల్లో ఇళ్ల కొరత 1.88 కోట్లని, అందులో 96 శాతం పేద, దిగువ ఆదాయ వర్గాలదేనని లెక్కగట్టింది. ఆ తర్వాత జనగణన జరగలేదు, 2027కి వెళ్లింది. కట్టిన ఇళ్లు ఒకరికోసం, కావలసినవాళ్లు ఇంకొకరు. పదిహేనేళ్లకి మునుపే ఇలా ఉంటే, ఇప్పుడు పుప్పాలగూడ, నార్సింగి వైపు రాత్రిపూట టవర్లని చూసినవాళ్లకి ఎవరూ విడమరచి చెప్పక్కర్లేదు.

దూరంగా ఉన్న యజమాని వల్ల ఇంకో చిక్కుంది, దాని గురించి ఎవరూ మాట్లాడరు. మన అపార్ట్‌మెంట్ల చట్టం 1987 నాటిది. అసోసియేషన్‌లో సభ్యత్వం, ఓటు యజమానికే. వంద ఫ్లాట్లలో అరవైలో అద్దెకున్నవాళ్లే ఉంటే, లిఫ్ట్ పాడైందని, ట్యాంకర్ నీళ్లు బాగాలేవని బాధపడేది ఆ అరవై కుటుంబాలు. నిర్ణయం తీసుకునేది న్యూజెర్సీలోనో దుబాయ్‌లోనో ఉండి వాట్సాప్ గ్రూపులో చూసేవాళ్లు. నేను వెళ్లిన మీటింగుల్లో ఎన్నోసార్లు కోరమ్ లేక, అంటే కావలసినంతమంది రాక, మీటింగు వాయిదా పడింది. మెయింటెనెన్స్ పెంచాలంటే దూరంగా ఉన్నవాళ్లు ఒప్పుకోరు, పెంచకపోతే వాచ్‌మన్ జీతం ఇవ్వలేరు. రాబోయే పదిహేనేళ్లలో ఈ టవర్లకి రంగులు, లిఫ్టులు, పైపులైన్లు మార్చాల్సిన పెద్ద ఖర్చులొస్తాయి. యాభై అంతస్తుల భవనంలో సగంమంది యజమానులు ఎక్కడున్నారో తెలియకపోతే ఆ డబ్బు ఎవరు వేస్తారు? హైదరాబాద్ గురించి నాకున్న పెద్ద భయం ఇదే. ధరలు పడిపోతాయన్నది నాకు రెండో భయం.

(మీరు అద్దెకున్న ఇంటి యజమాని ఎన్నారై అయితే ఒకటి గుర్తుపెట్టుకోండి. అద్దెలో 31.2 శాతం టీడీఎస్ మినహాయించి ప్రభుత్వానికి కట్టాల్సిన బాధ్యత అద్దెదారుదే. చాలామందికి ఈ సంగతి నోటీసు వచ్చాకే తెలుస్తుంది.)

ఆఫీసు భవనాల యాజమాన్యం ఇంకా వేగంగా మారింది. మాదాపూర్ మైండ్‌స్పేస్ 2020 నుంచి స్టాక్ మార్కెట్‌లో ఉన్న రీట్ (చాలామంది డబ్బుతో భవనాలు కొని అద్దె పంచే సంస్థ) చేతిలో ఉంది. యూనిట్లు కొన్న ఎవరైనా అందులో చిన్న భాగస్వామే. ఇళ్లకి కూడా ఈ పద్ధతి వస్తుందా అని అడుగుతుంటారు. మూడు శాతం అద్దె రాబడి మీద పెద్ద సంస్థలు ఇళ్లు కొని అద్దెకివ్వవు. ముందు హాస్టళ్లు, కో-లివింగ్ భవనాలు వాళ్ల చేతిలోకి వెళ్తాయి, ఎందుకంటే అక్కడ అద్దె అడుగుల లెక్కన కాదు, మంచాల లెక్కన వస్తుంది.

టూరిజం దగ్గరికి వస్తే, మన దగ్గర టూరిస్టు అనగానే చార్మినార్, గోల్కొండ గుర్తొస్తాయి. ఇళ్ల మీద ఒత్తిడి తెచ్చేవాళ్లు వాళ్లు కాదు. గచ్చిబౌలి ఆసుపత్రులకి వైద్యం కోసం వచ్చి నెల రోజులుండే కుటుంబాలు, 2023లో నానక్‌రామ్‌గూడకి మారిన అమెరికా కాన్సులేట్‌లో వీసా ఇంటర్వ్యూ కోసం వచ్చేవాళ్లు, పెళ్లిళ్లకి దిగే ఎన్నారై బంధువులు. వీళ్లకి లాడ్జిలో ఇబ్బంది, హోటల్ ఖర్చెక్కువ, ఫ్లాట్ హాయిగా ఉంటుంది. నెలకి 35 వేలు వచ్చే ఫ్లాట్‌ని రోజుకి మూడు వేల లెక్కన నెలలో పద్దెనిమిది రోజులిచ్చినా 54 వేలు. శుభ్రం చేయించడం, ఏసీ కరెంటు, యాప్ కమిషన్ పోను కూడా మిగులుతుంది. పైగా ఖాళీ చేయించే గొడవ లేదు. యజమాని అటు మొగ్గడంలో వింతేముంది?

ఒక భవనంలో రెండు ఫ్లాట్లు ఇలా ఉంటే ఎవరికీ నష్టం లేదు. ఇలాంటి ఫ్లాట్లు ఊరంతా పెరిగిపోతే ఏమవుతుందో బార్సిలోనా చూపించింది. అక్కడ పదేళ్లలో అద్దెలు 68 శాతం పెరిగాయని మేయరే చెప్పి, లైసెన్సున్న 10,101 టూరిస్టు ఫ్లాట్లలో ఒక్కదానికి కూడా 2028 నవంబరు తర్వాత అనుమతి ఉండదని 2024 జూన్‌లో ప్రకటించాడు. మరుసటి నెల ఊరివాళ్లు నీళ్ల తుపాకులతో టూరిస్టుల మీద నీళ్లు చిమ్మి నిరసన తెలిపారు. వెనిస్ పాత నగరంలో 1951లో లక్షా 75 వేల మంది ఉండేవాళ్లు, 2022లో 50 వేల కన్నా తగ్గిపోయారు. 2024లో పగటిపూట వచ్చిపోయేవాళ్ల మీద ఐదు యూరోల రుసుం పెట్టారు. ఆలస్యంగా పెట్టిన రుసుం వెళ్లిపోయినవాళ్లని తిరిగి తేలేదు.

దూరం ఎందుకు, మన తిరుమలే ఉంది. ఒకప్పుడు మాడవీధుల చుట్టూ తరతరాలుగా కాపురమున్న కుటుంబాలుండేవి. యాత్రికుల రద్దీ పెరిగి, మాస్టర్ ప్లాన్ అమలు చేసేసరికి ఆ ఇళ్లు పోయాయి. చాలామంది కొండ దిగి తిరుపతికి వచ్చారు, కొంతమంది కొండమీదే బాలాజీనగర్‌లో ఉన్నారు. యాత్రాస్థలంగా తిరుమల బ్రహ్మాండంగా నడుస్తోంది. కానీ అది ఊరు కాదిప్పుడు. క్షేత్రానికి ఆ మార్పు అవసరమేమో, నేను దాన్ని తప్పుపట్టను. విశాఖ బీచ్ రోడ్డుకో, ఎంవీపీ కాలనీకో అలాంటి గతి పట్టాల్సిన పనిలేదు.

టూరిజం మీద నాకు కోపం లేదని ఇక్కడే చెప్పాలి. అరకులో సొంతింట్లో రెండు గదులు అతిథులకిచ్చి, తామే వండిపెట్టే కుటుంబాలున్నాయి. ఆ డబ్బు ఆ ఊళ్లోనే ఉంటుంది, ఇల్లు ఇల్లులాగే ఉంటుంది. న్యూయార్క్ 2023 సెప్టెంబరు నుంచి గట్టిగా అమలుచేస్తున్న నిబంధన కూడా ఇలాంటిదే. నెలకన్నా తక్కువ రోజులకి ఇవ్వాలంటే యజమాని అదే ఇంట్లో ఉండాలి, ఇద్దరికి మించి అతిథులు ఉండకూడదు. మన రాష్ట్రాలు రెండూ ఈ ఒక్క నిబంధన పెట్టుకున్నా చాలు. యజమాని ఉంటున్న ఇల్లు హోమ్‌స్టే. ఎవరూ ఉండని ఫ్లాట్‌ని రోజులెక్కన ఇస్తే అది లాడ్జి, లాడ్జికున్న లైసెన్సు, ఫైర్ సేఫ్టీ, కమర్షియల్ పన్ను దానికీ ఉండాలి.

ఇప్పుడు మీ విశాఖ. హైదరాబాద్‌లో ఈ మార్పులు ఒకదాని తర్వాత ఒకటి ముప్ఫై ఏళ్లలో వచ్చాయి. 1998లో సైబర్ టవర్స్, 2006లో జీవో 86, ఆ తర్వాత ఎన్నారై డబ్బు, ఇప్పుడు రోజువారీ అద్దెలు. విశాఖకి అన్నీ ఒకేసారి వస్తున్నాయి. 2025లో టీసీఎస్‌కి రుషికొండ ఐటీ హిల్ మీద 21 ఎకరాలకి పైగా 99 పైసల నామమాత్రపు ధరకి ఇచ్చారు. అదే ఏడాది అక్టోబరులో గూగుల్ ఐదేళ్లలో 15 బిలియన్ డాలర్లతో ఏఐ డేటా సెంటర్ కడతామని ప్రకటించింది. డేటా సెంటర్ కట్టేటప్పుడు వేలమందికి పని ఉంటుంది, కట్టాక నడపడానికి కావలసింది కొద్దిమందే. కానీ ప్రకటన వచ్చిన రోజే భూమి ధర మాత్రం పెరిగిపోతుంది. ఉద్యోగాలు రాకముందే పెట్టుబడిదారులు వస్తారు. పక్కనే సముద్రం, పైన కైలాసగిరి, మూడు నాలుగు గంటల్లో అరకు, కాబట్టి టూరిస్టులూ వస్తారు. ఇటు కొండలు, అటు సముద్రం మధ్య విశాఖకి హైదరాబాద్‌లా నాలుగు దిక్కులా పెరిగే వీలు లేదు. అందుకే ఒక్కో ఇల్లు ఎలా వాడుతున్నారన్నది అక్కడ ఎక్కువ ముఖ్యం.

నా అంచనా ఏమిటంటే, ఏ నియమం పెట్టకపోతే 2040 నాటికి బీచ్‌కి రెండు మూడు కిలోమీటర్లలోపు ఫ్లాట్లు ఎక్కువభాగం అతిథులకీ, ఎన్నారైలకీ పోతాయి. అక్కడ వంటచేసేవాళ్లు, ఇళ్లు ఊడ్చేవాళ్లు, ఆటో నడిపేవాళ్లు గాజువాక, పెందుర్తి, అనకాపల్లి దాకా జరిగిపోతారు. బీచ్ రోడ్డు దగ్గర ప్రభుత్వ బడిలో పిల్లలు తగ్గి సెక్షన్లు మూతపడతాయి. హైదరాబాద్‌లో ఐటీ కారిడార్ వారానికి మూడు రోజులు రద్దీగా, మిగతా రోజులు పల్చగా ఉంటుంది. లాభపడేది విజయవాడ, గుంటూరు, వరంగల్, ఖమ్మం లాంటి ఊళ్లు, ఎందుకంటే కుటుంబాలు అక్కడే ఉండిపోతాయి, మంచి బళ్లకీ ఆసుపత్రులకీ గిరాకీ అక్కడ పెరుగుతుంది. ఈ చివరిది నాకు చాలా సంతోషం కలిగించే మార్పు. జిల్లా కేంద్రంలో ఉంటూ మంచి జీతం తెచ్చుకోవడం మా తరానికి సాధ్యపడలేదు.

నియమాల్లో నేను అన్నిటికన్నా ముందు మార్చాలనేది మన పదకొండు నెలల అద్దె కాగితం. 1908 నాటి రిజిస్ట్రేషన్ చట్టం ప్రకారం దేశంలో చాలాచోట్ల ఏడాదికి మించిన లీజుని రిజిస్టర్ చేయాలి, 1999 నాటి సవరణ వల్ల మన రెండు రాష్ట్రాల్లో అయితే గడువు ఎంతున్నా చేయాలి. అయినా ఆ ఖర్చు, తిరుగుడు తప్పించుకోవడానికి అందరం పదకొండు నెలలకి రాసుకుంటాం. చూడటానికి చిన్న సర్దుబాటు. కానీ దానివల్ల దేశంలో అద్దెకున్న కుటుంబాలన్నీ ఏడాది దాటి ప్లాన్ వేసుకోలేవు. యజమాని ఖాళీ చేయమంటే పిల్లల బడి మారుతుంది, తల్లిదండ్రుల డాక్టరు మారతాడు. జర్మనీలో సగానికి పైగా జనం అద్దె ఇళ్లలోనే ఉంటారు, అక్కడ అద్దె ఒప్పందానికి మామూలుగా ముగింపు తేదీ ఉండదు. వియన్నాలో దాదాపు సగం జనం నగరపాలక సంస్థ ఇళ్లలోనో, ప్రభుత్వ సాయంతో కట్టిన ఇళ్లలోనో ఉంటారు. టీచరు, బస్సు డ్రైవరు, డాక్టరు ఒకే భవనంలో కనిపిస్తారు. ఇది 1920లలో మొదలుపెట్టి వందేళ్లుగా చేస్తూ వచ్చిన పని. మన దగ్గర కేంద్రం 2021 జూన్‌లో మోడల్ టెనెన్సీ చట్టాన్ని, అంటే రాష్ట్రాలు అనుసరించాల్సిన అద్దె చట్టం నమూనాని ఆమోదించింది. ఇళ్లకి అడ్వాన్స్ రెండు నెలలకి మించకూడదు, రాతపూర్వక ఒప్పందం తప్పనిసరి, తగువులకి ప్రత్యేక అధికారి. ఆ దారిలో తన చట్టాన్ని మార్చుకున్న కొద్ది రాష్ట్రాల్లో ఆంధ్రప్రదేశ్ ఒకటి. యజమానికీ ఇది మంచిదే. ఖాళీ చేయించడం తేలికని నమ్మకం కుదిరితేనే తాళం వేసిన ఫ్లాట్లు అద్దెకొస్తాయి.

ఇల్లు కొనాలా అన్నారు. ఉద్యోగం ఐదేళ్లు ఎక్కడుంటుందో తెలియనప్పుడు హైదరాబాద్‌లో మూడు శాతం రాబడి వచ్చే ఫ్లాట్‌ని ఏడు శాతానికి పైగా వడ్డీతో కొనవద్దు. యజమానితో మాట్లాడి మూడేళ్ల లీజు రిజిస్టర్ చేయించుకోండి. ఏటా ఐదు శాతం పెంపు, రెండు వైపులా మూడు నెలల నోటీసు అందులో రాయించండి. రిజిస్ట్రేషన్ ఖర్చు మీరే పెట్టుకుంటామనండి, చాలామంది యజమానులు ఒప్పుకుంటారు. విశాఖలో తల్లిదండ్రులకి దగ్గరగా, మీరో వాళ్లో నిజంగా కాపురం ఉండేదైతే కొనండి. ప్రీ-లాంచ్ (అనుమతులు రాకముందే అమ్మడం), యూడీఎస్ (స్థలంలో విడదీయని వాటా అమ్మడం) పేరుతో ఎంత తక్కువకిస్తామన్నా రెరా (రియల్ ఎస్టేట్ నియంత్రణ సంస్థ) నంబరు లేనిదే ఒక్క రూపాయి కట్టొద్దు.

పాత అపార్ట్‌మెంట్‌లో తీసుకుంటుంటే బేరం ఆడేముందు మూడు సంగతులు తెలుసుకోండి. అసోసియేషన్ బైలాస్ తెప్పించుకుని రోజువారీ అద్దెలకి అనుమతి ఉందో లేదో చదవండి. కార్పస్ ఫండ్ (పెద్ద మరమ్మతుల కోసం దాచే నిధి) ఎంతుంది, మెయింటెనెన్స్ బకాయిలు ఎన్ని ఫ్లాట్ల మీద ఉన్నాయో కోశాధికారిని అడగండి. మీటర్ల గది దగ్గర వాచ్‌మన్‌తో కాసేపు మాట్లాడి ఎన్ని ఫ్లాట్లకి కరెంటు కనీస చార్జీ బిల్లే వస్తోందో, అంటే ఎన్ని ఖాళీగా ఉన్నాయో కనుక్కోండి. పావు వంతు కన్నా ఎక్కువ ఫ్లాట్లకి అలా వస్తుంటే ధర ఎంత బాగున్నా వదిలేసి ఇంకోటి చూసుకోండి.